చప్పట్లు ఆగని ఆదివారం

ఆ ఏడు ఆకులు రాలే కాలంలో మా ఊళ్ళో మగాళ్ళంతా దాక్కున్నారు. దాక్కోవడానికి వీల్లేనివాడు ఒక్కడే, మా అల్లుడు విల్మోష్. ఏ రోజు, ఎన్ని గంటలకి, ఏ చోట నిలబడి ఉంటాడో గోడగోడకీ అంటించి మరీ ఉండేది. పోలీసులకి వెతికే శ్రమ లేదు, ఆగి చదువుకుంటే చాలు.

యుద్ధం డాన్యూబ్ నదికి అవతల. సెర్బులకీ క్రొవాటులకీ తగువు. మధ్యలో మేం, సెర్బుల ఏలుబడిలో ఉంటూ హంగేరీ మాట మాట్లాడేవాళ్ళం, టిసా ఏటి ఒడ్డున మొక్కజొన్నా చక్కెర దుంపా వేసుకుని బతికేవాళ్ళం. వాళ్ళ తగువులో మాకు ఏ పొలం గట్టూ కలవదు. అయినా పటాలంలోకి రమ్మనే కాగితాలు మా గుమ్మాలకే తెగ వచ్చాయి. అందులో ఒక కిటుకు ఉండేది. ఆ కాగితం ఆ మనిషి చేతికే ఇచ్చి సంతకం పెట్టించుకోవాలి. చేతిలో పడిందా, మర్నాడు పొద్దున బస్సెక్కాల్సిందే. పడలేదా, పిలవనట్టే. పెళ్ళాం చేతికిస్తే చెల్లదు, తలుపు సందులో దోపిపోతే చెల్లదు. అందుకని ఎవరింట్లో వాళ్ళు పడుకోవడం మానేశారు. మా వీధిలో మగ గొంతు వినపడేది ఒక్క రేడియోలోనే.

"మీ ఆయనేడమ్మా?"

"చేపలకెళ్ళాడు."

"నిన్నా చేపలకే అన్నావుగా?"

"ఇంకా పడలేదు మరి, ఏం చెయ్యను?"

ఇలా ఉండేవి మాటలు. నవ్వుకునేవాళ్ళం. తలుపు వేశాక మాత్రం గడియ రెండోసారి తోసి చూసుకునేవాళ్ళం.

మా ఊళ్ళో కాగితాలు పంచేవాడు దెజో అని మా వీధివాడే. ఒకే చర్చిలో, ఒకే నెలలో బాప్తిస్మం నీళ్ళు చల్లించుకున్నవాళ్ళం నేనూ వాడూ. సైకిలు మీద వస్తుంటే ముందు గొలుసు చప్పుడు వినిపించేది. ఆ చప్పుడుకి కుక్కలు కూడా మొరగడం మానేశాయంటే చూసుకోండి. వాణ్ణి తిట్టుకున్నవాళ్ళున్నారు. నేను తిట్టలేదు. పంచకుండా కాగితాలు వెనక్కి తెస్తే ముందు నీ కొడుకు పేరే రాస్తాం అని ఆఫీసులో అన్నారట. కొడుక్కి ఇరవై నిండాయి అప్పటికి.

ఇక మా అల్లుడి సంగతి చెప్పాలి, లేకపోతే ఈ గొడవంతా ఎందుకో తెలీదు.

విల్మోష్ బళ్ళ చక్రాలు చేసేవాళ్ళ బిడ్డ. పక్క పల్లె. పెద్ద ఊరికి వెళ్ళి నటన చదువుకుని వచ్చి, మా ఊరి నాటకశాలలో చేరి, మా ఎతెల్కా కోసం మా గుమ్మం తొక్కాడు. మా అమ్మ ఒక మాట అనేది, ఆటగాళ్ళు వస్తున్నారు, తీగ మీది బట్టలు తీసి లోపల పెట్టండే అని. నేను నిజంగానే తీశాను, తడి తడివి. అతను చూసి, "అత్తమ్మా, లోపల ఆరవు. ముక్కిన వాసనొస్తాయి. మళ్ళీ ఆరేద్దాం పదండి" అని తనే ఒక్కొక్కటీ తీగ మీద వేశాడు. ఇంకేం అంటాను?

మొదట్లో అన్నీ నోరు లేని వేషాలే. రాజుగారి వెనక కొవ్వొత్తి పట్టుకుని నిలబడటం. నేను రాజుని చూడలేదు, ఆ కొవ్వొత్తి ఆరిపోతుందేమోనని అదే చూస్తూ కూర్చున్నాను. తర్వాత్తర్వాత పెద్ద వేషాలొచ్చాయి. గొంతు తెరిస్తే రేకు డబ్బాలోకి మొక్కజొన్నలు పోసినట్టు చివరి వరస దాకా వినపడేది. తను చెప్పబట్టే నాకూ అక్కడ కోట్ల గదిలో పని ఇచ్చారు. మా దేశంలో చలికాలం కోటు తీసి అక్కడ ఇచ్చి, నంబరు బిళ్ళ తీసుకుని లోపలికి వెళ్ళాలి. ఆ కోట్లన్నీ నా చేతి మీదుగా వెళ్ళేవి. ఊళ్ళో ఎవరు చిక్కారో ఎవరు ఒళ్ళు చేశారో కోటు బరువు చూసి చెప్పేదాన్ని.

సినిమావాళ్ళు బెల్‌గ్రేడ్ నుంచి వచ్చి తనని పట్టుకున్నారు. పొడుగు మనిషి, గడ్డి రంగు జుట్టు, బూడిద రంగు కళ్ళు. వాళ్ళ ప్రపంచ యుద్ధం సినిమాలకి జర్మన్ ఆఫీసర్లు కావాలిగా, సెర్బు కుర్రాళ్ళు అందరూ వీరులు వేస్తారాయె. మా హంగేరీవాళ్ళ సెర్బు మాట వంకర టింకరగా ఉంటుంది. అందుకని ఆ డైరెక్టరు, "నువ్వు మాట్లాడకు నాయనా, అరిస్తే చాలు" అన్నాడట. అరిచాడు. అరిచి అరిచి చచ్చిపోయాడు, ప్రతి సినిమాలోనూ. ఒకసారి వంతెన మీంచి పడ్డాడు, ఒకసారి లారీ కింద, ఒకసారి గడ్డివాములో. మా ఊరి సినిమా హాల్లో నేను కళ్ళు మూసుకునేదాన్ని. ఎతెల్కా పక్కనుంచి, "అయిపోయిందమ్మా, పోయాడు, ఇక కళ్ళు తెరు" అనేది. ఇంటికొచ్చి చూస్తే శవంగారు వంటింట్లో కూర్చుని పంది కొవ్వు రాసిన రొట్టె మీద ఉల్లిపాయ కోసుకుంటూ ఉండేవాడు. "ఇవాళ భోజనానికి ముందే చంపేశారు అత్తమ్మా, అందుకే రెండు గంటల బస్సు దొరికింది" అనేవాడు.

దేశమంతా తెలిసిన మొహం అయిపోయింది. ఎక్కడికో కొండల్లోకి వెళ్ళినా, "మేజరుగారూ!" అని పిలిచి సంచీడు ప్లమ్ పళ్ళు ఇచ్చేవాళ్ళట. ఆ మొహమే ఇప్పుడు కొంప ముంచేలా ఉంది. మంగలి గేజా ఒకరోజు గడ్డం గీస్తూ, "విలీ, నీకెందుకోయ్ భయం, చావడం నీకు చేతనైన పనేగా" అన్నాడు. అందరూ నవ్వారు, తనూ నవ్వాడు. ఆ మధ్యాహ్నం మా ఇంట్లో చిక్కుడు గింజల పులుసు తాగుతుంటే చెంచా గిన్నెకి తగిలి టకటకమంది. ఎతెల్కా చూసింది.

"చెయ్యి వణుకుతోంది నీకు."

"చలి."

"పొయ్యి పక్కన కూర్చుని చలేంటి?"

తను చెంచా కింద పెట్టాడు. "అక్కడ చచ్చాక, బాగా వచ్చింది, ఇక లే అని ఎవరూ అనరు, ఎతీ" అన్నాడు. మా పిల్ల రొట్టె బల్ల మీద ముక్కలు ఏరుతూ కూర్చుంది.

రాత్రిళ్ళు ఒక్కో ఇంట్లో పడుకునేవాడు. ఆట ఉన్న రోజున రొట్టెల బండిలో కూర్చుని నాటకశాల పెరట్లో దిగేవాడు. దెజో మాత్రం ఆ గుమ్మం తొక్కేవాడు కాదు. ఆ భవనం నా వీధిలోది కాదు అనేవాడు ఆఫీసులో. అలా ఎన్నాళ్ళు నెట్టుకొచ్చాడో పాపం.

తిహమేర్‌గారని మా నాటకశాల పెద్ద. ఆయన గోడ మీది పోస్టర్లలో విల్మోష్ పేరు మీద తెల్ల కాగితం అంటిద్దాం అన్నాడు. విల్మోష్ ఒప్పుకోలేదు.

"పేరు మూసేస్తే పారిపోయానని నేనే చెప్పినట్టు."

"అయితే ఆట ఆపేద్దాం. నీకు జ్వరం అని రాద్దాం."

"ఇవాళ నాకు జ్వరం, రేపు ఇంకొకరికి జ్వరం. ఎల్లుండి తాళం వేసేస్తారు. తాళం కోసమే చూస్తున్నారు వాళ్ళు, మీకు తెలీదా? ఆదివారం పూట పల్లెల నుంచి బస్సుల్లో వచ్చేవాళ్ళు రెండు గంటలు మన మాట వినడానికి వస్తున్నారు. ఇంకెక్కడ వింటారు, టీవీలోనా?"

ఆయన జిగురు డబ్బాకి మూత పెట్టేశాడు. నా దగ్గర ఒక జవాబు ఉంది, నా కూతురి మొగుడు బతికుండాలి అని. పైకి అనలేకపోయాను. లోపల మాత్రం జపమాల పూసలు అరిగేలా తిప్పాను.

ఆ శనివారం సంతలో నేను గసగసాలు కొంటుంటే దెజో పెళ్ళాం కతా నా పక్కన వచ్చి నిలబడింది. నా మొహం చూడలేదు. పక్క బుట్టలోంచి ఒక ఆపిల్ కాయ తీసి అటూ ఇటూ తిప్పుతూ అంది:

"రొజాల్ వదినా, రేపు సాయంత్రం మా ఆయన ఆట చూడటానికి వస్తున్నాడు."

"దెజోనా? పుట్టి బుద్ధెరిగి ఆటకి వచ్చినవాడు కాదే!"

"టికెట్టు లేకుండా వస్తున్నాడు. ఒక్కడే కాదు. బయటి ఊరి పోలీసు తోడు, మిలిటరీ పోలీసు. ఆట అయ్యేదాకా ఆగుతారట, జనం ముందు రభస వద్దని." కాయని బుట్టలో పడేసింది. "కాయలు బాలేవు ఈసారి" అని గట్టిగా చెప్పి వెళ్ళిపోయింది.

గసగసాలు అక్కడే వదిలేసి పరిగెత్తాను.

తిహమేర్‌గారి గదిలో అందరం కూర్చుని ఆలోచించాం. ఆటలో విల్మోష్‌ది పిసినారి మిల్లువాడి వేషం. ముసలివాడు, పెద్ద గడ్డం, వీపు మీద గూని. ఆఖర్న పెళ్ళి డాన్సు. డాన్సుకి ముందే మిల్లువాడు అలిగి లోపలికి వెళ్ళిపోతాడు, అంతటితో అతని మాటలు అయిపోతాయి. ఆ తర్వాత తెర పడ్డాక దణ్ణం పెట్టడానికి రావడమే. ఆ దణ్ణానికి గేరో అనే ఇంకో నటుడు అదే గడ్డం, అదే గూని పెట్టుకుని వస్తాడు. ఎత్తు ఒకటే. దెజో, ఆ పోలీసు స్టేజీ పక్క తెర దగ్గర నిలబడి మిల్లువాణ్ణే చూస్తూ ఉంటారు. విల్మోష్ ఈలోగా కింద బాయిలర్ గదిలోంచి, బొగ్గు దించే తలుపులోంచి వెనక సందులోకి. అక్కడ ఇగ్నాత్స్ అని తేనెటీగలు పెంచే రైతు, కారు పెట్టుకుని ఉంటాడు. ఊరికి దూరంగా పొలంలో ఇల్లు అతనిది.

"బాగుంది" అన్నాడు విల్మోష్. "నా వంతు చప్పట్లు గేరో తింటాడన్నమాట."

"కక్కుర్తి పడకు" అంది ఎతెల్కా. నవ్వుతూ అనలేదు.

ఆదివారం మూడు గంటలకే పొగమంచు దిగింది. బస్సుల్లోంచి జనం దగ్గుతూ, నవ్వుతూ దిగి నా కోట్ల గది అరుగు ముందు నిలబడ్డారు. గొర్రెతోలు కోట్లు, ముసలమ్మల శాలువాలు, అన్నీ తడిసి కుక్క వాసన. నా చేతులు పని చేస్తున్నాయి, నేను మాత్రం అక్కడ లేను. ఆట మొదలైంది. తలుపు సందులోంచి తన గొంతు వినపడుతోంది, జనం నవ్వుతున్నారు, నాకు ఒక్క మాటా తలకెక్కలేదు.

రెండో అంకం మధ్యలో వచ్చారు. దెజో టోపీ కళ్ళ మీదకి లాక్కున్నాడు. వెనక పోలీసు, ముప్పై ఏళ్ళుంటాయేమో, మొహం చూస్తే మర్యాదస్తుడే. నా దగ్గరికి వచ్చి పొడుగాటి మిలిటరీ కోటు విప్పి అరుగు మీద పెట్టాడు.

"ఇక్కడ ఇవ్వాలి కదండీ?" అన్నాడు సెర్బు భాషలో.

"ఇవ్వాలి బాబూ" అన్నాను. నంబరు బిళ్ళ ఇచ్చాను. నన్ను చంపడానికి వచ్చినవాడి కోటు దులిపి తగిలించినట్టుంది నా పని. దెజో నా వంక చూడలేదు. ఇద్దరూ స్టేజీ వైపు మెట్లెక్కారు.

ఆఖరి అంకంలో కోట్లలోంచి అన్నిటికంటే పెద్ద గొర్రెతోలు కోటు ఒకటి తీసుకుని కిందికి దిగాను. విల్మోష్ కోటు పొడుగాటి తోలుది, ఊరంతా ఎరిగినది, అది పనికిరాదు. బాయిలర్ గదిలో పొయ్యి గుర్రుమంటోంది. పైన డాన్సు, మా తల మీద చెక్కలు దడదడ. విల్మోష్ మెట్లు దిగి వచ్చాడు, గడ్డం పీకేసి, జిగురు మొహంతో. నూనె లాంటిదేదో గుడ్డకి రాసి సగం మొహం తుడుచుకున్నాడు. కోటులో ఒక చెయ్యి పెట్టాడు. నేను బొగ్గు తలుపు గడియ తీశాను. సందులో ఇగ్నాత్స్ కారు ఆగకుండా గురగురమంటోంది.

అప్పుడు పైన తెర పడింది. చప్పట్లు మొదలయ్యాయి. ఇక పరవాలేదు అనుకున్నాను.

ఒక్క నిమిషానికి ఆ చప్పట్లు పలచబడ్డాయి. వాన వెలిసినట్టు. తర్వాత ఎవరో ఆడమనిషి గొంతు, "విలి ఏడీ?" ఇంకో మూలనుంచి మగ గొంతు, "మాకు విలి కావాలి!"

చూశారా ఖర్మ! ఇరవై ఏళ్ళుగా అతని దణ్ణం చూసినవాళ్ళు. విల్మోష్ చక్రాలు చేసే తండ్రిలాగా నడుం మీద ఒక చెయ్యి వేసుకుని, కిందికి వంగి, నెమ్మదిగా లేచేవాడు. గేరో కోడి గింజ పొడిచినట్టు వంగి లేచాడట. గడ్డం మోసగించింది, గూని మోసగించింది, వంగడం మోసగించలేకపోయింది. అంతే, మొదలుపెట్టారు. మావాళ్ళు మనసుపడితే అందరూ ఒకే తాళంలో కొడతారు. ఇనప చప్పట్లు అంటాం. నటుడు వచ్చేదాకా ఆపరు. ఎక్కడో పల్లె నుంచి తనంటే ప్రాణం పెట్టి వచ్చినవాళ్ళు, ఆ ప్రేమతోనే, వీడు వాడు కాదు అని పోలీసుకి దండోరా వేస్తున్నారు.

విల్మోష్ ఆగిపోయాడు, ఒక చెయ్యి కోటులో, ఒకటి బయట.

"నన్ను పిలుస్తున్నారు అత్తమ్మా."

"పిలవనీ! కారు అదుగో, పో."

"గేరోని కనిపెట్టేశారు. నేను పైకి వెళ్ళకపోతే ఆ పోలీసు ఈ మెట్లే దిగుతాడు. కారు ఊరు దాటదు."

అది నిజమే. కానీ నేను అతని మొహం చూశాను కదా. భయం ఒక పక్క, రెండో పక్క దాణా సంచీ చప్పుడు విన్న గుర్రం మొహం. పైన చెక్కలు ఆ చప్పట్ల తాళానికి అదురుతున్నాయి. నేను అతని చొక్కా పట్టుకున్నాను. "ఎతెల్కాని తలుచుకో" అన్నాను.

"తలుచుకునే వెళ్తున్నాను" అన్నాడు. చొక్కా నా చేతిలోంచి జారిపోయింది.

నేను చుట్టూ తిరిగి పరిగెత్తి హాలు వెనక తలుపులోంచి లోపలికి వచ్చేసరికి తను దీపాల మధ్య నిలబడి ఉన్నాడు. సగం మొహం ముసలి మిల్లువాడిది, సగం తనది, భుజాన ఎవరిదో కోటు. హాలు కప్పు లేచిపోయింది. వంగాడు, తన లాగానే. ఎడమ వైపు చూశాడు. పక్క తెర వెనక పోలీసు. కుడి వైపు చూశాడు. తెర కింద దెజో బూట్లు. ఎటు దిగినా చేతిలో కాగితమే. మళ్ళీ వంగాడు.

ఎతెల్కా మూడో వరసలో ఉంది. పక్కన రొట్టెల కొట్టు యూలి. యూలి ఆ బూట్లు గుర్తుపట్టింది, ఎవరు గుర్తుపట్టరు, ఆ గొలుసు చప్పుడు మనిషివి! వెనక్కి తిరిగి ఒక్క మాట అంది, "దెజో." ఆ మాట వరస వెంట వరస పాకింది. నేను వెనక నిలబడి చూస్తున్నాను, గాలికి గోధుమ చేను వంగినట్టు తలలు ఒకదాని తర్వాత ఒకటి వంగాయి. చప్పట్లు ఆగలేదు. కానీ మారిపోయాయి. అందులో సంతోషం లేదిప్పుడు. కమ్మరి కొలిమిలో సుత్తి పడ్డట్టు పడుతున్నాయి. అందరికీ ఒకే సంగతి తెలిసిపోయింది, ఎవరూ చెప్పకుండానే. మనం కొడుతున్నంతసేపు వాడు దణ్ణం పెడుతున్న నటుడు. ఆపామా, పటాలం వయసున్న మగాడు.

ఎవరూ కూర్చోలేదు. ఎవరూ కోటు కోసం కదల్లేదు. ముసలివాళ్ళు చేతులు నొప్పెట్టి చేతికర్రలతో నేల మీద కొట్టారు. చంటిపిల్ల ఏడుస్తోంది, తల్లి కొడుతూనే ఉంది. స్టేజీ మీద మిగతావాళ్ళు చేతులు పట్టుకుని వస్తున్నారు, పోతున్నారు. మా అల్లుడు మాత్రం కదలడు, వంగుతాడు, లేస్తాడు. నుదుటి మీంచి రంగు కారుతోంది. ఎంతసేపు కొట్టగలరు మనుషులు? అది ఒక్కటే నా బుర్రలో. ఒక మూల పలచబడితే ఇంకో మూల అందుకునేవాళ్ళు. ఆ పలచబడినప్పుడల్లా నా గుండె ఒక మెట్టు కిందికి దిగేది.

పోలీసుకి ఓపిక అయిపోయింది. చెయ్యి ఊపాడు దెజో వైపు, వెళ్ళు అని. దెజో స్టేజీ మీదకి వచ్చాడు.

కాగితం చేతిలోనే ఉంది. టోపీ నెత్తిన ఉంది. విల్మోష్‌కీ అతనికీ మధ్య ఒక గది దూరం. నాలుగు అడుగులు వేశాడు, దీపాలు మొహాన కొట్టాయి. ఆ వెలుగులో ఎప్పుడూ నిలబడనివాడికి ఏమీ కనపడదు, సున్నం గోడ ముందు నిలబెట్టినట్టు ఉంటుందట. ఆగిపోయాడు. ఎదురుగా చీకట్లో వందలమంది, తాళం తప్పకుండా, తన మొహం మీదకి కొడుతున్నారు. అప్పుడు ఏం జరిగిందంటే, దెజో టోపీ తీశాడు. కాగితాన్ని చంకలో పెట్టుకున్నాడు. టోపీ గుండెకి ఆనించుకుని వంగి దణ్ణం పెట్టాడు.

హాలు హోరెత్తింది. దెజో లేచాడు. ఎడమ వైపు తిరిగి పెట్టాడు. కుడి వైపు తిరిగి పెట్టాడు. పైన బాల్కనీకి పెట్టాడు. పోలీసు "దెజో! దెజో!" అని అరుస్తున్నాడు, నోరు కనపడుతోంది, మాట వినపడట్లేదు. అంతలా అరుస్తున్న పోలీసు కూడా ఆ వెలుగులోకి రాలేదు. అన్ని కళ్ళ ముందుకి రావడానికి పటాలం ధైర్యం చాలదు.

నేను అప్పటికి నడవలోంచి స్టేజీ కిందకి వచ్చేశాను. ఎలా వచ్చానో తెలీదు. అరవలేదు. పిల్లని ఊయల్లోంచి దించేటప్పుడు రమ్మన్నట్టు రెండు చేతులూ చాచాను. విల్మోష్ చూశాడు. స్టేజీ అంచున కూర్చున్నాడు, కాళ్ళు వేలాడేశాడు, దిగాడు. ఎతెల్కా చెయ్యి పట్టుకుంది. నడవలో ఉన్నవాళ్ళు దారి ఇచ్చారు, వాళ్ళ వెనక మళ్ళీ మూసుకున్నారు. చేతులు మాత్రం కొడుతూనే ఉన్నారు. ముందు తలుపు తెరిచి ఉంది. బయట పొగమంచులో బస్సుల దీపాలు గుడ్డు సొనలా ఉన్నాయి. అందులోకి వెళ్ళి కరిగిపోయాడు.

తర్వాత ఒక్కసారిగా జనం నా అరుగు మీద పడ్డారు. పోలీసు అందరి వెనక నిలబడి ఉన్నాడు, చొక్కాతో, చలికి చేతులు చంకల్లో పెట్టుకుని. ఆ పెద్ద గొర్రెతోలు కోటు ఒక్కటి తప్ప అందరివీ ఇచ్చాను. ఒక్కొక్కటీ దులిపి, బొత్తాలు చూసి, నెమ్మదిగా. తన వంతు రాగానే బిళ్ళ ఇచ్చాడు.

"మీ అల్లుడి సినిమాలన్నీ చూశానమ్మా చిన్నప్పుడు. మా వీధిలో నేనే మేజరు వేసేవాణ్ణి" అన్నాడు.

"అలాగా బాబూ."

"ఎటు వెళ్ళాడు?"

"నాకు కోట్ల సంగతే తెలుసు బాబూ, మనుషుల సంగతి తెలీదు."

నా మొహంలోకి చూశాడు. నేను అతని బిళ్ళని దాని మేకుకి తగిలించాను. కోటు వేసుకుని, బొత్తాలన్నీ పెట్టుకుని వెళ్ళిపోయాడు.

దెజో ఎందుకు అలా చేశాడో నాకు తెలీదు. ఎవరూ అడగలేదు. ఒకసారి తనే అన్నాడు, "ఆ వెలుగులో ఏమీ కనపడలేదు వదినా, ఏం చెయ్యాలో తోచలేదు" అని. నేను అవునన్నాను. ఆ వారంలోనే వాళ్ళ అబ్బాయి పేరు మీద కాగితం వచ్చింది. కుర్రాడు అప్పటికే మొక్కజొన్న చేలలోంచి సరిహద్దు దాటి హంగేరీలోని సెగెద్ చేరాడు. దెజో ఉద్యోగం పోయింది. కతా ఆ చలికాలమంతా సంతకి రాలేదు. నేను వాళ్ళింటికి గసగసాల రొట్టె తీసుకెళ్తే తీసుకుంది, కూర్చోమనలేదు.

విల్మోష్ ఇగ్నాత్స్ పొలంలో ఉండిపోయాడు, తేనెపెట్టెలకి మేకులు కొడుతూ. అక్కడ కూడా ఏ బండి చప్పుడైనా అటక ఎక్కేవాడట. మరుసటి ఏడాది పిలుపులు తగ్గాయి, అతని పేరు ఎక్కడో అడుగున పడిపోయింది, మళ్ళీ నాటకశాలకి వచ్చాడు. కాగితం చేతిలో పడలేదు. బతికాడు. అంతకంటే నేను ఏమడిగాను దేవుణ్ణి? మళ్ళీ సినిమాలొచ్చాయి, బుడాపెస్ట్ టీవీలో తాతయ్యలూ పాస్టర్లూ వేశాడు. బెల్‌గ్రేడ్‌వాళ్ళు ఇంకో యుద్ధం సినిమాకి పిలిస్తే నేను చావడం మర్చిపోయాను అని చెప్పాడు.

ఒక్కటి మాత్రం మారింది. ఆటలో ఎంత పెద్ద వేషం వేసినా, ఆఖరి మాట అవగానే లోపలికి వెళ్ళిపోతాడు. దణ్ణానికి రాడు. జనం కొడతారు, పిలుస్తారు, ఇనప చప్పట్లు కొడతారు. మిగతావాళ్ళు వస్తారు, తను రాడు. గర్వం అనుకునేవాళ్ళున్నారు.

మొన్న చలికాలం నాటకశాలవాళ్ళు నాకు ముందు వరసలో కుర్చీ ఇచ్చారు, ఇంక పనిలో లేనుగా. ఆట అయ్యాక చప్పట్లు మొదలవగానే నేను లేచి పెరట్లోకి వెళ్ళాను. మంచు పడుతోంది. విల్మోష్ బొగ్గు తలుపు పక్కన గోడకి ఆనుకుని నిలబడి ఉన్నాడు. కోటు వేసుకుని, టోపీ పెట్టుకుని, మొహాన రంగు అలాగే ఉంది. జుట్టు నెరిసింది, అరవై దాటాయి. ఏ పటాలానికీ అక్కర్లేని మనిషి. లోపల తాళం అందుకున్నారు, ఒకే దెబ్బ, ఒకే దెబ్బ. అతని పెదాలు దాంతోపాటు కదులుతున్నాయి.

"వెళ్ళు నాయనా, నీ కోసమే" అన్నాను.

"వెళ్తాను అత్తమ్మా" అన్నాడు. కదల్లేదు. నా భుజం మీదుగా మెట్ల వైపు చూస్తూ గొంతు తగ్గించి అడిగాడు. "పక్క తెర దగ్గర ఎవరైనా ఉన్నారా?"